గీత వంకరగానే ఉండనీ

పాఠకుల ప్రశ్నలు, డ్రాయింగ్ టీచర్ జవాబులు

ఈ నెల వచ్చిన ఉత్తరాల్లో వరంగల్ కొత్తవాడ నుంచి వచ్చిన కవరు ఒకటి బాగా లావుగా ఉంది. విప్పితే ఉత్తరంతో పాటు నాలుగు మడతలు పెట్టిన పోస్టరు. దాన్ని మా ముందు గదిలో గోడకు అంటించి మూడు రోజులు వచ్చేటప్పుడూ పోయేటప్పుడూ చూశాను. అందుకే ఈసారి పేజీలో ఎక్కువ భాగం ఆ పిల్లవాడికే ఇస్తున్నాను. మిగతా ప్రశ్నలు కూడా ఆ దారిలోవే తీసుకున్నాను.

ప్రశ్న: నమస్తే టీచర్. మాది కొత్తవాడ. తాత, నాన్న ఇద్దరూ జంపఖానాలు నేసినవాళ్ళు. ఇప్పుడు తాత ఒక్కడే మగ్గం మీద కూర్చుంటున్నాడు. నేను డిగ్రీ రెండో సంవత్సరం. ముగ్గురం కలిసి పంక్ బ్యాండ్ పెట్టుకున్నాం, అంటే గిటార్లు, డ్రమ్స్‌తో వేగంగా, గట్టిగా అరుస్తూ పాడే రాక్ సంగీతం. నేను బేస్ గిటార్ వాయిస్తాను, పాటలు రాస్తాను, పోస్టర్లు కూడా నేనే వేస్తాను. మా డ్రాయింగ్ సార్ 'నీ గీతకు నిలకడ లేదు' అంటారు. సంగీతం తెలిసినవాళ్ళు 'అరవడం తప్ప మీకేం వచ్చు' అంటారు. నాన్నేమో 'రెండు పడవల మీద కాళ్ళు పెట్టకు, ఏదో ఒకటి పట్టుకో' అంటాడు. పైగా ఇది మనది కాదు, తెల్లోళ్ళ గోల అని అందరి మాటా. చాలా టెన్షన్‌గా ఉంది. ఏది వదిలేయాలి? మేం ఈ మధ్య పాడిన పాటకు వేసిన పోస్టరు పంపుతున్నాను, చూసి చెప్పండి.

జవాబు: బిడ్డా, పోస్టరు సంగతి నువ్వు చివర్లో అడిగావు. నేను దానితోనే మొదలుపెడతాను.

రెండు కాగితాలు పక్కపక్కన పెట్టి వెనక టేపు వేశావు. అతుకు దాచలేదు. పోస్టరు నిండా మీ ఇంటి జంపఖానా. దాన్ని ఫోటో తీయలేదు, తీసుకెళ్ళి జిరాక్స్ మిషన్ అద్దం మీదే పరిచావు. అంచున ఊడిన పోగులు అద్దానికి నొక్కుకుని సన్నగా, స్పష్టంగా వచ్చాయి. బట్ట కాస్త పైకి లేచిన చోట నల్లగా మసకబారింది. అది చూస్తేనే తెలిసిపోయింది. తర్వాత ఆ కాపీకి కాపీ, దానికి మళ్ళీ కాపీ తీసినట్టున్నావు. జిరాక్స్ మిషన్‌లో వెలుగు తగిలిన చోట డ్రమ్ము మీది కరెంటు పోతుంది, నల్లటి చోట నిలుస్తుంది, నిలిచిన చోటే పొడి సిరా అంటుకుంటుంది. కాపీ మీద కాపీ తీసినకొద్దీ మధ్యలో ఉండే బూడిద రంగులన్నీ అటో ఇటో జారిపోయి చివరికి నలుపు, తెలుపు మిగులుతాయి. ఇప్పుడు నీ జంపఖానా బట్టలా లేదు, దున్నిన చెలకలా ఉంది. నాకు ఇది చాలా నచ్చింది. కొత్తవాడలో పుట్టినవాడికి తప్ప ఇంకొకరికి తట్టే ఆలోచన కాదిది.

దాని మీద పేపర్లోంచి కత్తిరించిన అక్షరాలతో 'దారం తెగలేదు' అని పాట పేరు అంటించావు. 'రం' అనే అక్షరాన్ని 'వరంగల్' అనే మాటలోంచి తీశావని పక్కన మిగిలిపోయిన 'వ' తోక చెబుతోంది. దాన్ని కూడా కత్తెరతో తీసేయాలని నీకు అనిపించి ఉంటుంది. తీయకపోవడమే మంచిదైంది.

నచ్చనిది మూల మీద అంటించిన రెండు పిన్నీసులు. ఆ పిన్నీసులు, ఈ కత్తిరించిన అక్షరాలు రెండూ లండన్ నుంచే వచ్చాయని నీకు తెలుసు. 1977లో అక్కడి సెక్స్ పిస్టల్స్ అనే పంక్ బ్యాండ్ కోసం జేమీ రీడ్ అనే చిత్రకారుడు అక్షరాలను పేపర్లోంచి కత్తిరించి, బెదిరింపు ఉత్తరంలా అతికించాడు. అక్షరాలను నువ్వు నీవి చేసుకున్నావు, ఎందుకంటే అవి మన పేపర్లోవి, మన ఊరి పేరులోవి. పిన్నీసులను మాత్రం అక్కడి నుంచి ఉన్నవి ఉన్నట్టు తెచ్చి పెట్టావు. చిరిగిన చొక్కాకు పిన్నీసు గుచ్చుకుని వీధిలోకి రావడం అక్కడి పంక్ పిల్లల కోపం. మరి మీ ఇంట్లో పోగు తెగితే ఏం చేస్తారు? ముడి వేస్తారు. మీ తాత ఆ ముడిని రెండు వేళ్ళతో, చూడకుండానే వేస్తాడు. పాట పేరే 'దారం తెగలేదు' అని పెట్టుకుని పోస్టరులో ఒక్క ముడి కూడా లేకపోతే ఎట్లా బిడ్డా? ఆ పిన్నీసులు తీసేసి అక్కడ ఒక ముడి పెట్టి చూడు.

ఇక గీతకు నిలకడ లేదన్న మాట. మీ సార్‌ను తప్పు పట్టను, నేనూ బడిలో పిల్లలకు ఏళ్ళ తరబడి అదే చెప్పాను. కానీ 1996లో నా చేతి మీదుగా ఒక పొరపాటు జరిగింది. అప్పట్లో మా ఆయనకు హనుమకొండలో స్క్రీన్ ప్రింటింగ్ షాపు ఉండేది. శుభలేఖలు, విజిటింగ్ కార్డులు, ఎన్నికలొస్తే స్టిక్కర్లు. బడి అయిపోయాక నేను వెళ్ళి డిజైన్లు గీసిచ్చేదాన్ని. ఒకరోజు ఇంజినీరింగ్ చదివే పిల్లలు నలుగురు వచ్చి నలభై టీషర్టుల మీద ఒక గుర్తు వేయాలన్నారు. నోటుపుస్తకం కాగితం మీద గీసిచ్చారు: నిలువుగా నాలుగు నల్లటి పట్టీలు, ఒకటి కాస్త పైకి, ఒకటి కాస్త కిందికి. పిల్లలు స్కేలు లేకుండా గీశారు, అందుకే ఎగుడుదిగుడుగా వచ్చాయనుకున్నాను. ట్రేసింగ్ పేపర్ మీద ఇండియన్ ఇంకుతో నాలుగింటినీ సమానంగా, అంచులు కత్తిలా ఉండేట్టు గీశాను. మందు పూసిన స్క్రీన్ మీద ఆ కాగితం పెట్టి ఎండ చూపించాం. ఎండ తగిలిన చోట మందు గట్టిపడుతుంది, నలుపు కింద మెత్తగా ఉండి నీళ్ళకు కొట్టుకుపోతుంది. పట్టీలు అద్దంలా తేలాయి. నలభై షర్టులూ కొట్టి ఆరేశాం.

వాటిని తీసుకోవడానికి వచ్చిన పిల్లల ముఖాలు నాకింకా గుర్తున్నాయి. ఎవరూ కోపం చేయలేదు. ఒకబ్బాయి మాత్రం మెల్లగా, 'మేడమ్, అది జెండా. గాలికి ఎగురుతున్న జెండా. మీరు గాలి తీసేశారు' అన్నాడు.

ఆ నాలుగు పట్టీలు అమెరికాలోని కాలిఫోర్నియాకు చెందిన బ్లాక్ ఫ్లాగ్ అనే పంక్ బ్యాండ్ గుర్తు. గీసినవాడు రేమండ్ పెట్టిబన్. బ్యాండ్ మొదలుపెట్టిన గ్రెగ్ గిన్‌కు తమ్ముడు. పానిక్ అన్న పేరుతో ఉన్న తొలి రోజుల్లో ఆ బ్యాండ్‌లో బేస్ వాయించింది కూడా ఇతనే. బ్లాక్ ఫ్లాగ్ అన్న పేరు పెట్టిందీ ఇతనే. ఆర్ట్ కాలేజీ మెట్లెక్కలేదు. ఎకనామిక్స్‌లో డిగ్రీ చేసి, కొన్నాళ్ళు బడిలో లెక్కలు చెప్పాడు. అన్న బ్యాండ్ ప్రోగ్రాములకు ఇంకు బొమ్మలతో కరపత్రాలు వేశాడు, కరెంటు స్తంభాలకూ గోడలకూ అంటించే రకం. నల్ల ఇంకుతో బొమ్మ, పక్కన చేతిరాతతో నాలుగు మాటలు. బొమ్మ పక్కన మాటలు రాయడం ఇప్పటికీ మానలేదు. అవే బొమ్మలు ఇప్పుడు న్యూయార్క్‌లోని పెద్ద మ్యూజియంలో ఉన్నాయి. నలుపు, తెలుపు చాలన్న నమ్మకం అతనికి ఆ జిరాక్స్ కరపత్రాల రోజుల నుంచే ఉందని నేననుకుంటాను.

ఆ షర్టులన్నీ మా ఖర్చుతోనే మళ్ళీ కొట్టించి ఇచ్చాం. రెండోసారి ఆ పట్టీలను ఎగుడుదిగుడుగా గీయడానికి నాకు సాయంత్రం అంతా పట్టింది. ఏది ఎంత పైకి, ఏది ఎంత కిందికి ఉంటే గాలి వస్తుందో కొలిచి, చెరిపి, మళ్ళీ గీశాను. సరళరేఖ అంత కష్టపెట్టలేదు.

ఇంత చెప్పాక నీ పోస్టరులో తప్పు కూడా చెప్పాలి. కండె, అంటే దారం చుట్టిన గొట్టం, పట్టుకున్న చేయి వేశావు కదా, దాని బొటనవేలు తప్పు. అరటిపండులా నున్నగా, తిన్నగా ఉంది. ఇన్నేళ్ళు కండెలు పట్టిన బొటనవేలు అట్లా ఉండదు. కణుపు దగ్గర వెనక్కి వంగి ఉంటుంది, గోరు పక్కన చర్మం మందం కట్టి ఉంటుంది. నువ్వు తాత చేతిని చూసి వేయలేదు, చేయి అంటే ఇట్లా ఉంటుందిలే అనుకుని వేశావు. పెట్టిబన్ పట్టీల వంకర ఆలోచించి పెట్టింది. నీ బొటనవేలి తప్పు చూడకపోవడం వల్ల వచ్చింది. మగ్గం పక్కన చిన్న పీట వేసుకుని కూర్చో. ఆ చేతిని రోజుకు రెండు మూడు సార్లు, నెల రోజులు వేయి. రబ్బరు ముట్టుకోకు. గీత వణికినా ఫర్వాలేదు, చేయి తాతదై ఉండాలి.

ఇప్పుడు ఏది వదలాలన్న మాట. వదలడానికి ఇవి రెండు కావు. సెక్స్ పిస్టల్స్ మొట్టమొదటి ప్రోగ్రాము 1975 నవంబర్ 6న జరిగింది లండన్‌లో ఒక ఆర్ట్ కాలేజీలోనే. బేస్ వాయించిన గ్లెన్ మాట్‌లాక్ ఆ కాలేజీ విద్యార్థే. లండన్‌లోనే క్లాష్ అనే ఇంకో పంక్ బ్యాండ్‌లో బేస్ వాయించిన పాల్ సిమొనన్ బొమ్మలు వేయడం నేర్చుకుంటున్న కుర్రాడు. బ్యాండ్‌లో చేరేటప్పటికి బేస్ వాయించడం రాదు. ఏ తంతి ఎక్కడ నొక్కితే ఏ స్వరమో గిటార్ మెడ మీద రంగుతో రాసుకుని నేర్చుకున్నాడు. బ్యాండ్‌కు పేరు దొరికింది కూడా పేపర్లోనే. హెడ్డింగుల్లో 'క్లాష్' అన్న మాట మాటిమాటికీ కనబడితే ఇదే పెట్టుకుందాం అన్నాడట. నువ్వు పేపర్లోంచి అక్షరాలు కత్తిరిస్తూ కూర్చున్నప్పుడు అతను గుర్తుకు రావాలి.

1979 సెప్టెంబర్‌లో న్యూయార్క్‌లో ఒక థియేటర్‌లో వాయిస్తుంటే, జనాన్ని సీట్లలోంచి లేవనివ్వలేదని కోపం వచ్చి సిమొనన్ బేస్‌ను నేలకేసి కొట్టాడు. పెన్నీ స్మిత్ అనే ఫోటోగ్రాఫర్ ఆ క్షణాన్ని తీసింది. ఫోటో మసకగా ఉంది, వద్దు అని ఆమే అంది. మిగతావాళ్ళు ఒప్పుకోలేదు. అదే ఆల్బమ్ అట్ట మీదికెక్కి, రాక్ సంగీతంలో అందరికీ తెలిసిన ఫోటోల్లో ఒకటైంది. బ్యాండ్ విడిపోయాక సిమొనన్ మళ్ళీ కుంచె పట్టి థేమ్స్ నది బొమ్మలు వేశాడు. కొన్నేళ్ళ తర్వాత మళ్ళీ బేస్ కూడా పట్టాడు. చూశావా, పెట్టిబన్, మాట్‌లాక్, సిమొనన్ ముగ్గురూ నీలాగే బేస్ వాయించినవాళ్ళు.

తెల్లోళ్ళ గోల అన్నవాళ్ళకు నువ్వు జవాబు చెప్పనక్కర్లేదు, మీ తాతను అడుగు చాలు. మీరు పద్మశాలీలైతే మీ పెద్దల ఇళ్ళ ముందుకు కూనపులి వాళ్ళు వచ్చే ఉంటారు. పటం వేలాడదీసి, ఒక్కో గడి విప్పుతూ, కర్రతో చూపిస్తూ, రాత్రంతా మార్కండేయ పురాణం, భావనా ఋషి కథ పాడేవాళ్ళు. ఆ పటాలు రాసేది చేర్యాల నకాషీలు. చేర్యాల ఇప్పుడు సిద్దిపేట జిల్లాలో ఉంది కానీ మొన్నటిదాకా మన వరంగల్ జిల్లానే. ఖద్దరు బట్టకు గంజి, సుద్దమట్టి, చింతగింజల జిగురు, బంక కలిపి పూత మీద పూత వేసి ఆరబెడతారు. బొమ్మల వెనక ఎర్రటి రంగు పరుస్తారు. దూరంగా, దీపం వెలుగులో, జనం వెనక వరుస నుంచి కూడా కనబడాలి కదా. పోస్టరు పని కూడా అదే. ఒక తేడా మాత్రం ఉంది, దాచను. అక్కడ రాసేవాళ్ళు వేరు, పాడేవాళ్ళు వేరు. నువ్వు రెండూ నువ్వే చేస్తానంటున్నావు. బరువు ఎక్కువ. అయినా బొమ్మ చూపిస్తూ పాడడం మీ వాకిట్లో కొత్త పని కాదు.

మీ నాన్న మాటను మాత్రం తేలిగ్గా తీసుకోకు. మగ్గం మీద ఇల్లు గడవకే కదా ఆయన దిగాడు. పడవల మాట ఆ భయంలోంచి వచ్చింది. డిగ్రీ పూర్తి చేయి. స్క్రీన్ ప్రింటింగ్ నేర్చుకో. టీషర్టుల పని ఇప్పటికీ ఉంది, పైగా నీ పోస్టర్లకూ అదే చేయి కావాలి.

ప్రశ్న: కాజీపేటలో ఉంటాను. డ్రమ్స్ వాయిస్తాను, లినోలియం మీద చెక్కి అచ్చులు వేస్తాను. ఇక్కడే ఉంటే ఎవరూ పట్టించుకోరు, హైదరాబాద్ వెళ్ళిపో అంటున్నారు ఫ్రెండ్స్. వెళ్ళాలా టీచర్?

జవాబు: తల్లీ, చదువుకో ఉద్యోగానికో అయితే వెళ్ళు. ఎవరో పట్టించుకోవాలని మాత్రం వెళ్ళకు. ఇంగ్లండ్‌లో చాతమ్ అని ఒకప్పుడు ఓడల మరమ్మతు చేసిన ఊరుంది. మనకు రైల్వే ఎట్లాగో వాళ్ళకు అప్పట్లో ఓడలు అట్లాగ. 1959లో అక్కడ పుట్టిన బిల్లీ చైల్డిష్ పదహారేళ్ళకు ఆ ఓడరేవులో రాళ్ళు చెక్కే పనికి చేరాడు. పని మధ్యలో టీ గుడిసెల్లో కూర్చుని వందల బొమ్మలు వేశాడు. అవి చూసి లండన్ ఆర్ట్ కాలేజీ వాళ్ళు సీటిచ్చారు, తర్వాత వాళ్ళే పంపించేశారు. అతనికి అక్షరాలు తారుమారయ్యే డిస్లెక్సియా ఉంది. కవితల్లో స్పెల్లింగ్ తప్పులను దిద్దనివ్వడు, అట్లాగే అచ్చు వేయిస్తాడు. వందకు పైగా ఆల్బమ్‌లు చేశాడు, నువ్వు లినోలియం మీద చెక్కినట్టే చెక్క మీద చెక్కి అచ్చులు కూడా వేస్తాడు. ఇప్పటికీ చాతమ్‌లోనే, ఆ పాత ఓడరేవులోనే గది పెట్టుకుని బొమ్మలు వేస్తున్నాడు. కాజీపేట జంక్షన్ ఇంజన్ షెడ్డును నువ్వు ఎప్పుడైనా చెక్కావా? చెక్కితే ఒక అచ్చు నాకు పంపు.

ప్రశ్న: జగిత్యాల నుంచి రాస్తున్నాను మేడమ్. మా అమ్మాయి ఇంటర్ చదువుతోంది. పాత వారపత్రికలు కత్తిరించి, పట్టుచీర కట్టుకున్న అమ్మాయికి తల తీసేసి ప్రెషర్ కుక్కర్ అతికించింది. కింద తను రాసిన పాట ముక్క. దాన్ని హాల్లో పెట్టింది. చుట్టాలు వచ్చినప్పుడల్లా ఇదేంటని అడుగుతున్నారు. తీసేయమంటే ఏడుస్తోంది. ఏం చేయను?

జవాబు: అన్నా, తీయించకండి.

మీ అమ్మాయికి తెలుసో లేదో కానీ, 1977లో మాంచెస్టర్‌లో డిజైన్ చదువుకుంటున్న లిండర్ అనే అమ్మాయి ఇదే పని చేసింది. ఒక పక్క ఆడవాళ్ళ పత్రికలు, అంటే వంటలు, సోఫాలు, మిక్సీల ప్రకటనలు. ఇంకో పక్క మగవాళ్ళు దాచుకుని చూసే పత్రికలు. ఆపరేషన్ బ్లేడుతో రెండింట్లోంచీ కోసి ఒకటి చేసింది. ఆడమనిషి ఒంటి మీద తల ఉండాల్సిన చోట ఇస్త్రీపెట్టె పెట్టింది. స్త్రీ, ఇస్త్రీ అని మనకు మాటలోనే ఉన్న దగ్గరితనం ఆ ఇంగ్లిష్ అమ్మాయికి తెలిసే వీలు లేదు. నాకు మాత్రం ఆ బొమ్మ చూసిన ప్రతిసారీ ఆ రెండు మాటలూ కలిసి వినిపిస్తాయి. బజ్‌కాక్స్ అనే పంక్ బ్యాండ్ ఆ బొమ్మను తమ రికార్డు అట్ట మీద వేసుకుంది. మరుసటి ఏడాది లిండర్ లూడస్ అనే బ్యాండ్‌లో పాడటం మొదలుపెట్టింది. 2025లో లండన్‌లోని హేవర్డ్ గ్యాలరీలో ఆమె యాభై ఏళ్ళ పనిని పెద్ద ప్రదర్శనగా పెట్టారు.

మీ ఇంట్లో కుక్కర్ విజిల్స్ లెక్కపెట్టేది ఎవరు? మీ అమ్మాయి అది రోజూ చూస్తోంది. నేను కూడా నా పెళ్ళయిన కొత్తలో బడి నుంచి వచ్చి మూడు విజిల్స్ వచ్చేదాకా కాళ్ళు కడుక్కోవడానికి కూడా వంటింట్లోంచి బయటికి వచ్చేదాన్ని కాదు. ఆ కాలంలో నాకు బ్లేడు, జిగురు పట్టుకునే ధైర్యం లేకపోయింది. చుట్టాలు అడిగితే 'మా అమ్మాయి వేసింది, తననే అడగండి' అనండి. జవాబు ఆ పిల్ల చెబుతుంది. ఒక్క సలహా ఇవ్వండి: పత్రిక కాగితం జిగురు తడికి ముడతలు పడుతుంది. కాగితానికి కాకుండా కింది అట్టకు పల్చగా జిగురు రాసి, పైన బరువైన పుస్తకం పెట్టి రాత్రంతా వదిలేయమనండి.

ప్రశ్న: గోడకు పోస్టరు అంటిస్తే రెండు రోజుల్లో ఊడిపోతోంది. ఫెవికాల్‌కు డబ్బులు లేవు. (హనుమకొండ)

జవాబు: మైదా జిగురు వాడండి. ముందు చన్నీళ్ళలో మైదా ఉండలు లేకుండా కలిపి, అప్పుడు మరిగే నీళ్ళలో పోస్తూ తిప్పండి. గంజి కంటే కాస్త చిక్కగా రాగానే దించాలి. పురుగు పట్టకుండా చిటికెడు మైలుతుత్తం వేస్తారు. అది విషం, గిన్నె వంటకు వాడొద్దు, పిల్లలకు అందనీయొద్దు. గోడను ముందు తడి గుడ్డతో తుడిచి, గోడకు ఒక పూత, కాగితం అంటించాక కాగితం పైన ఇంకో పూత. చాలామంది పైపూత వేయరు, ఊడేది అందుకే. గోడ ఎవరిదో వాళ్ళను అడిగి అంటించండి. ఎండలో కాకుండా సాయంత్రం పూట అంటిస్తే నిదానంగా ఆరి, వానాకాలం దాకా కదలదు.